బుస్సీ నోట తెలుగు మాట

బొబ్బిలి కథ విన్నవాళ్లు ఒక సంగతి గమనించే ఉంటారు. అందులో ఫ్రెంచి సేనాని బుస్సీ తెలుగులోనే మాట్లాడతాడు. 1757 జనవరి 24న మా కోట మీదికి ఫిరంగులు తోలుకొచ్చిన ఆ దొరకి నిజంగా తెలుగు ఎంత వచ్చో అనుమానమే. ఆయనకీ ఇక్కడి రాజులకీ నడుమ మాట మోయడానికి దివాను హైదర్‌జంగు ఉన్నాడు. అయినా కథ చెప్పే జంగం గొంతు కాస్త బరువు చేసి, కనుబొమ ఎగరేసి బుస్సీ మాట అందుకున్నాడంటే, వినేవాళ్లలో ఒక్కరు కూడా ‘అదేటి, దొరకి తెలుగెలాగొచ్చిందీ?’ అని అడగరు. తాండ్ర పాపారాయుడు ఎంత నిజమో, ఆ తెలుగు బుస్సీ కూడా అంతే నిజం.

ఇప్పుడు టీవీ పెట్టండి. జపాన్ బొమ్మల కుర్రాడు తెలుగులో మాట్లాడుతుంటాడు. ఒక్కోసారి పక్కింటి పిల్లాడిలాగే ఉంటాడు. ఒక్కోసారి రెండు నిమిషాలు వినేసరికి చెవిలో ఇసుక పోసినట్టుంటుంది. బొమ్మ అదే, కథ అదే. మరి తేడా ఎక్కడొస్తోంది? ఈ వారం దాని గురించే నాలుగు మాటలు.

జపాన్ బొమ్మల సినిమాలతో బొబ్బిలివాళ్లకి పనేంటని తీసిపారేయకండి. మన ఇళ్లలోకి అవి వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. 1993లో దూరదర్శన్ ఆదివారం పొద్దున్న హిందీలో వేసిన ‘జంగిల్ బుక్’ జపాన్‌లో తయారైందే. హిందీ ముక్క రాని పిల్లలు కూడా ఆ పాట పాడుకుంటూ మా వీధుల్లో తిరిగారు. తర్వాత డోరేమాన్, షిన్‌చాన్ వచ్చి కూర్చున్నారు. 2023 నుంచి క్రంచిరోల్ సంస్థ కొన్ని జపాన్ సిరీస్‌లని తెలుగు మాటలతో ఇస్తోంది. 2025 సెప్టెంబరు 12న ‘డీమన్ స్లేయర్: ఇన్ఫినిటీ క్యాజిల్’ మన దేశంలో జపనీసు, ఇంగ్లీషు, హిందీలతో పాటు తమిళంలో, తెలుగులో కూడా హాళ్లకొచ్చింది. అంటే మన పిల్లలు రోజూ వినే తెలుగులో కొంత భాగం, జపాన్‌లో పుట్టిన నోళ్లకు ఎవరో అతికించిన తెలుగు. అది ఎలా ఉందో చూసుకోవాల్సిన బాధ్యత పెద్దవాళ్లకి లేదా?

ఇంగ్లీషువాళ్లు నేర్చుకున్న పాఠాలు

ఈ గొడవ మనకంటే ముందు ఇంగ్లీషువాళ్లు పడ్డారు. జపాన్ సినిమాకి ఇంగ్లీషు గొంతులు పెట్టాలా, కింద అక్షరాలు వేసి ఊరుకోవాలా అని అక్కడి అభిమానులు ఏళ్ల తరబడి కొట్టుకున్నారు. ఇంకా కొట్టుకుంటూనే ఉన్నారు. వాళ్ల కోపానికి కారణాలు లేకపోలేదు.

హయావో మియజాకి 1984లో తీసిన ‘నౌసికా’ని మరుసటేడే అమెరికాలో ‘వారియర్స్ ఆఫ్ ది విండ్’ అని పేరు మార్చి వదిలారు. ఇరవై నిమిషాలకు పైగా కత్తిరించేశారు. నాయిక పేరు కూడా మార్చి జాండ్రా చేశారు. అడవినీ పురుగునీ కూడా ప్రేమించమని చెప్పిన కథ కాస్తా మామూలు కొట్లాట సినిమా అయి కూర్చుంది. ఆ దెబ్బకి జిబ్లీ స్టూడియో వాళ్లు ఒట్టు పెట్టుకున్నారు. ఇకమీదట మా సినిమాలో ఒక్క కోత కూడా పడకూడదని. 1996లో డిస్నీతో ఒప్పందం కుదిరినప్పుడు కూడా ఆ పట్టు వదల్లేదు.

కోతలు పోయాయి. కానీ చేర్పులు మొదలయ్యాయి. ‘కికీస్ డెలివరీ సర్వీస్’లో జీజీ అనే నల్లపిల్లి ఉంటుంది. జపనీసులో దానిది చిన్నపిల్లలాంటి పలుచని గొంతు. 1998 ఇంగ్లీషు రూపంలో ఫిల్ హార్ట్‌మన్ అనే హాస్యనటుడు దానికి గొంతిచ్చాడు. మంచి నటుడే. కానీ పిల్లి నోరు కనబడనప్పుడల్లా ఒక జోకు పడేది. తర్వాతి డీవీడీలో వాటిలో కొన్నిటిని తీసేశారు. ‘క్యాజిల్ ఇన్ ది స్కై’ది ఇంకో కథ. జపాన్ రూపంలో చాలాచోట్ల గాలి, నిశ్శబ్దం తప్ప ఏమీ ఉండవు. అమెరికా ప్రేక్షకుడు అంతసేపు ఊరికే కూర్చోడనుకున్నారు. సంగీత దర్శకుడు జో హిసాయిషి చేతనే గంట నేపథ్య సంగీతాన్ని గంటన్నరకు పెంచి రాయించారు. 2003లో ఆస్కారు అందుకున్న ‘స్పిరిటెడ్ అవే’ ఇంగ్లీషు రూపం నిజానికి శ్రద్ధగా చేసిందే. అందులో కూడా ఒకచోట పాప పెద్ద భవనం ముందు నిలబడి, అది స్నానాల ఇల్లని పైకి చెప్పుకుంటుంది. మూలంలో ఆ మాట లేదు. జపాన్‌వాడికి చూడగానే తెలుస్తుంది. అమెరికావాడికి తెలియదని పాప నోట్లో పెట్టారు.

మూడు జబ్బులన్నమాట. ఖాళీ కనబడితే నింపడం. అర్థం కాదేమోనని విప్పి చెప్పడం. నవ్వరేమోనని జోకు వేయడం. ఈ మూడింటికీ వేరు ఒక్కటే. చూసేవాణ్ని నమ్మకపోవడం.

మందు కూడా వాళ్లే కనుక్కున్నారు. ‘ప్రిన్సెస్ మోనోనోకె’ ఇంగ్లీషులోకి వెళ్లినప్పుడు మాటలు రాయడానికి నీల్ గైమన్ అనే రచయితని పెట్టుకున్నారు. 1999లో అది విడుదలైంది. అందరూ మెచ్చారని కాదు. కానీ ఒక విషయం తేలిపోయింది. తర్జుమా చేసిపెట్టడం వేరు, మాటలు రాయడం వేరు. మొదటిదానికి రెండు భాషలు వస్తే చాలు. రెండోదానికి చెవి కావాలి.

పెదాలది కాదు, చెవిది తప్పు

డబ్బింగు బాగాలేదని ఎవరినైనా అడగండి. ‘ఏం చెయ్యమంటారండీ, పెదాలకి అతకాలి కదా’ అంటారు. మనుషుల సినిమాకైతే ఆ మాట కొంత ఒప్పుకోవచ్చు. దగ్గరగా తీసిన ముఖంలో ప, బ, మ పలికినప్పుడు పెదాలు మూతపడాలి. అక్కడ ‘అ’కారం పెడితే పట్టుబడిపోతాం.

జపాన్ బొమ్మలకు ఆ ఇబ్బంది తక్కువ. అక్కడ చాలావరకు బొమ్మ ముందు గీస్తారు, గొంతు తర్వాత కలుపుతారు. మామూలుగా నోటికి గీసేవి మూడే బొమ్మలు. మూసింది, సగం తెరిచింది, పూర్తిగా తెరిచింది. వాటినే మార్చి మార్చి వేస్తారు. నిజానికి జపాన్‌లో జపనీసు మాట కూడా అక్షరం అక్షరానికి ఆ నోటికి అతకదు. మాట ఎప్పుడు మొదలై ఎప్పుడు ఆగిందన్నదే లెక్క. అంటే తెలుగు రాసేవాడికి కావాల్సినంత చోటుంది. ఆ చోట్లో ఏం పెడుతున్నాడన్నదే ప్రశ్న.

ఏం పెడుతున్నాడో మీకూ తెలుసు. పిల్లాడు చెట్టు మీంచి పడితే పక్కవాడు పరిగెత్తుకొచ్చి ‘నువ్వు బాగానే ఉన్నావా?’ అంటాడు. మన వీధిలో ఎవరైనా అలా అడిగారా? ‘దెబ్బ తగిలిందా?’ అంటాం. దెయ్యం కనబడితే ‘ఓ నా దేవుడా!’ అంటాడు. మనమైతే ‘అమ్మ బాబోయ్’ అంటాం, మా వైపైతే ‘ఓలమ్మో’ అంటారు. కాలు తొక్కినవాడు ‘నన్ను క్షమించు’ అంటాడు. ‘చూసుకోలేదు, ఏమనుకోకు’ అంటే సరిపోదూ? ఇవన్నీ తెలుగు అక్షరాలతో రాసిన ఇంగ్లీషు మాటలు. పెదాలకు అతికాయి. మనసుకే అతకలేదు.

ఇందులో నన్ను బాధపెట్టేది ఒకటుంది. జపనీసు నుంచి తెలుగుకి తిన్నగా దారి ఉంది. ఇంగ్లీషు కంటే దగ్గరి దారి.

క్రియ చివర రావడం దగ్గర మొదలుపెడదాం. జపాన్‌వాడు కూడా మనలాగే ‘నేను అన్నం తిన్నాను’ అనే వరసలోనే మాట్లాడతాడు. చివరి మాట దాకా సస్పెన్సు దాచుకోవచ్చు. ఇంగ్లీషు ఆ ముడి ముందే విప్పేస్తుంది. ఇక వరసలు. జపాన్ పిల్ల అన్నని పేరు పెట్టి పిలవదు. ‘ఒనీచాన్’ అంటుంది. అక్కని ‘ఒనేచాన్’ అంటుంది. ఇంగ్లీషు డబ్బింగులో అలా పిలిపిస్తే వినడానికి ఎబ్బెట్టుగా ఉంటుంది కాబట్టి పేరు పెట్టి పిలిపిస్తారు. 1988లో వచ్చిన ‘గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్’లో యుద్ధంలో అమ్మని పోగొట్టుకుని ఆకలితో మాడే అన్నాచెల్లెళ్ల కథ ఉంది. ఆ చిన్నారి ‘నీచాన్’ అని పిలిచే పిలుపులోనే సగం సినిమా ఉంది. ఇంగ్లీషులో అది ‘సెయిటా’ అయిపోయింది. తెలుగులో? ‘అన్నయ్యా’ అంటే చాలు. గొంతులో ముద్ద అడ్డం పడుతుంది.

‘మై నైబర్ టొటొరొ’లో పొలాల మధ్య ఉండే పొరుగింటి ముసలావిడని పిల్లలు ‘ఒబాచాన్’ అంటారు. ఇంగ్లీషుకి ‘గ్రానీ’ ఒక్కటే దిక్కు. మనకి అమ్మమ్మ వేరు, నాయనమ్మ వేరు, వరస కలవని పెద్దావిడ మామ్మ వేరు. ఆ ముసలావిడ మన లెక్కలో మామ్మే. రాసేవాడికి కథ తెలిస్తే వెంటనే చెబుతాడు. కాగితం మీది ఇంగ్లీషు మాటే చూసేవాడు నాయనమ్మ అని పెట్టేస్తాడు.

ఇంకా ఉంది. జపనీసులో గుండె ‘దొకిదొకి’ కొట్టుకుంటుంది, వెలుగు ‘కిరకిర’ మెరుస్తుంది, ఆకలికి పొట్ట ‘పెకొపెకొ’ అంటుంది. ఇంగ్లీషువాళ్లు వీటి దగ్గర తలపట్టుకుంటారు. మనకేం, దడదడ, మిలమిల, నకనక సిద్ధంగా ఉన్నాయి. మాట చివర చిన్న తోక తగిలించి ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారో, ఎంత చనువో చెప్పడం జపనీసుకి అలవాటు. మన రా, వే, అండీ చేసే పని కూడా అదే. ఇంత చుట్టరికం పెట్టుకుని కూడా, జపనీసు తెలిసినవాళ్లు దొరక్క, మామూలుగా ఇంగ్లీషు స్క్రిప్టే ముందు పెట్టుకుని రాసుకుంటున్నాం. పక్క వీధి చుట్టాన్ని చూడ్డానికి లండన్ మీదుగా వెళ్లినట్టుంది.

అరువు గొంతుల్లో మన వాటా

తెలుగువాళ్లకి డబ్బింగు చేతకాదని మాత్రం ఎవరూ అనలేరు. తెలుగులో తొలి డబ్బింగు చిత్రంగా చెప్పుకునే ‘ఆహుతి’ 1950లో వచ్చింది. హిందీ ‘నీరా ఔర్ నందా’కి అది తెలుగు రూపం. దానికి మాటలు, పాటలు రాసింది ఎవరనుకున్నారు? విశాఖపట్నం శ్రీశ్రీ. మహాకవి పెదాల కదలికలు లెక్కపెట్టుకుంటూ కూర్చున్నాడంటే చిన్నతనం అనుకునేవాళ్లుంటారు. ఆయన అలా అనుకోలేదు. ఆ తర్వాత కూడా డబ్బింగు సినిమాలకి పాటలు రాస్తూనే వచ్చాడు.

విజయనగరంలో పుట్టిన రాజశ్రీ సంగతి చెప్పాలి. ‘ప్రేమసాగరం’, ‘రోజా’, ‘ప్రేమికుడు’ పాటలు తెలుగులో ఆయనవే. ఇవి తమిళం నుంచి వచ్చినవని గుర్తు చేస్తే తప్ప గుర్తుకు రాదు. పెళ్లి ఊరేగింపులో మోగుతుంటే మన పాటలే అనుకుంటాం. డబ్బింగు రచయితకి అంతకంటే బిరుదేం కావాలి?

విజయనగరం జిల్లా కల్లేపల్లి రేగలో పుట్టిన పి.జె.శర్మ గారు నటుడే కాక పేరున్న డబ్బింగు కళాకారుడు. ఆయన కొడుకు సాయికుమార్ గొంతు సుమన్‌కి, రాజశేఖర్‌కి ఎంతగా అతికిపోయిందంటే, వాళ్లు సొంతంగా మాట్లాడితే మనకే కొత్తగా ఉంటుంది. ఇంకో కొడుకు రవిశంకర్ 2009లో ‘అరుంధతి’లో సోనూ సూద్‌కి గొంతిచ్చాడు. ఆ సినిమాలోని ‘బొమ్మాళీ’ అన్న పిలుపు ఊరూరా పిల్లల నోట ఆటమాట అయిపోయింది. పంజాబు నుంచి వచ్చిన నటుడు, మా జిల్లా మూలాలున్న గొంతు. ఎవరికైనా అతుకు కనబడిందా? పాటలో గొంతు అరువిచ్చే విద్యలో దేశంలోనే పెద్దపేరైన పి.సుశీల గారు విజయనగరం ఆడపడుచే.

ఇక బాలు. కమల్‌హాసన్‌కి తెలుగు గొంతు ఆయనే. 2008లో ‘దశావతారం’లో కమల్ వేసిన పది వేషాల్లో ఏడింటికి ఆయనే మాట్లాడారు. ‘గాంధీ’ సినిమా తెలుగులోకి వచ్చినప్పుడు బెన్ కింగ్‌స్లీకి కూడా ఆయనే గొంతు. అంత పెద్ద గాయకుడు ఈ పనిని ఏనాడూ చిన్నచూపు చూడలేదు.

బొమ్మల సినిమాలకి వచ్చేసరికి ఈమధ్య పెద్ద పేర్లు తెస్తున్నారు. 2019 ‘లయన్ కింగ్’లో నాని, జగపతిబాబు, బ్రహ్మానందం, అలీ. 2024 ‘ముఫాసా’లో మహేశ్‌బాబు. మంచిదే. పోస్టరు మీద పేరు చూసి జనం హాలుకొస్తారు. అడవిపందికి బ్రహ్మానందం గొంతు పెడితే పిల్లలు పడీపడీ నవ్వుతారు. కానీ స్టారు ఖర్చు ముందు మాటలు రాసేవాడి ఖర్చు ఎంత? ఆ రచయిత పేరు మనలో ఎంతమందికి తెలుసు? గొంతు ఎవరిదైనా, పలకాల్సిన మాట ఎవరో ఒకరు రాయాలి కదా.

రాముడి గొంతు

వీటన్నిటికీ నిలువెత్తు ఉదాహరణ ఒకటుంది. యూగో సాకో అనే జపాన్ దర్శకుడు 1983లో మన దేశంలో రామాయణ కాలపు తవ్వకాల మీద డాక్యుమెంటరీ పనిమీద వచ్చి, రామకథతో ప్రేమలో పడ్డాడు. మన రామ్‌మోహన్‌తో, కొయిచి ససాకితో కలిసి ‘రామాయణ: ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామ’ తీశాడు. 1993లో వచ్చింది. చేత్తో గీసిన బొమ్మలు. మాటలు ఇంగ్లీషు, పలికింది మన దేశపు నటులు. పాటలు సంస్కృతం. సంగీతం వనరాజ్ భాటియా. తర్వాత హిందీలోకి వచ్చినప్పుడు రాముడికి అరుణ్ గోవిల్, రావణుడికి అమ్రీష్ పురి గొంతులిచ్చారు. అమెరికా కోసం మళ్లీ వేరే ఇంగ్లీషు. అందులో రాముడు బ్రయన్ క్రాన్‌స్టన్, కథ చెప్పింది జేమ్స్ ఎర్ల్ జోన్స్. 2025 జనవరి 24న కొత్త హంగులతో ఇది మన హాళ్లకొచ్చింది. తెలుగులో కూడా వచ్చింది. తేదీ చూశారా? సరిగ్గా బొబ్బిలి యుద్ధం జరిగిన రోజు.

ఒకే రాముడి బొమ్మకి ఇన్ని గొంతులు. ఇక్కడ తెలుగు డబ్బింగుకి ఎదురయ్యే పరీక్ష మామూలుది కాదు. ఏ జపాన్ సమురాయ్‌కో గొంతు పెడితే మనం పోల్చి చూసుకోవడానికి ఏమీ ఉండదు. రాముడి గొంతు మాత్రం మన చెవిలో ముందే ఉంది. 1963 ‘లవకుశ’ నుంచి ఉంది. హరికథల్లో ఉంది, తోలుబొమ్మల తెర వెనక ఉంది. ఆ తోలుబొమ్మలాట మాత్రం డబ్బింగు కాక మరేమిటి? తెర మీద బొమ్మ, వెనక మనిషి. రావణుడికి ఒక గొంతు, హనుమంతుడికి ఒక గొంతు, మధ్యలో కేతిగాడికి ఊళ్లో మాట. సినిమా పుట్టకముందే బొమ్మకి గొంతు పెట్టడం తెలిసిన జాతి మనది.

అందులో కూడా రాముడు రాముడిలా, కేతిగాడు కేతిగాడిలా మాట్లాడతారు. ఇప్పటి డబ్బింగు తెలుగులో చాలాసార్లు రాజూ, బంటూ, దెయ్యమూ, పసిపిల్లా ఒకే తెలుగు మాట్లాడతారు. ఏ ఊరిదీ కాని తెలుగు.

మామ్మ అడిగిన ప్రశ్న

ఏ ఊరిదైనా ఒక పాత్రకి మాత్రం పెడతారు. ఎవరికి? దొంగ వెనకాల తిరిగే తెలివితక్కువ వాడికి.

మా వీధి చివర ఇంట్లో ఒక మామ్మ ఉంది. చదువుకోలేదు. సాయంత్రం మనవడి పక్కన కూర్చుని వాడు చూసే బొమ్మలే చూస్తుంది. ‘ఏట్రా, ఆ గుంటడేటంటన్నాడు?’ అని మధ్యమధ్య అడుగుతుంది. వాడు చెబుతాడు. ఒకరోజు ఏదో కార్టూనులో ఒక వెర్రిబాగుల వాడు అచ్చం ఆవిడలాగే ‘ఏటి, బేగొచ్చేయ్’ అన్నాడు. పిల్లాడు విరగబడి నవ్వి, ‘మామ్మా, ఆడు నీలాగే మాటాడతన్నాడే’ అన్నాడు. ఆవిడ కూడా నవ్వింది. నవ్వి, కాసేపాగి, ‘మరి మంచోలెవులూ ఇలాగ మాటాడరేటిరా?’ అంది.

పిల్లాడి దగ్గర జవాబు లేదు. నా దగ్గర కూడా లేదు. వాడు మాత్రం ఆ తర్వాత బయటివాళ్ల ముందు ‘ఏటి’ అనడం మానేశాడు. ‘ఏంటి’ అంటున్నాడు. వాడిప్పుడు ఆరో తరగతి.

ఇది జరుగుతున్నది ఏ నేల మీదో చూడండి. వాడుక భాషే రాతభాష కావాలని పోరాడిన గిడుగు రామమూర్తి శ్రీకాకుళం దగ్గర పర్వతాలపేటలో పుట్టారు. 1892లో విజయనగరంలో ‘కన్యాశుల్కం’ ఆడినప్పుడు ప్రతి పాత్రకీ దాని నోరు దానికుంది. గిరీశం మాట మధురవాణికి అతకదు, మధురవాణి మాట రామప్ప పంతులుకి అతకదు. కళ్లు మూసుకు విన్నా మాట్లాడేదెవరో తెలిసిపోతుంది. చాసో, రావిశాస్త్రి కథల్లో ఈ నేల మాట గొప్ప సాహిత్యం అయింది. అలాంటి మాటని ఇవాళ జపాన్ నుంచి వచ్చిన దొంగ బంటుకి అద్దెకిస్తున్నాం.

కొంతమంది అంటారు. ‘ఇన్ని తిప్పలెందుకండీ, అసలు జపనీసులోనే వదిలేసి కింద అక్షరాలు వేస్తే పోలా?’ సినిమా బాగా తెలిసినవాళ్లు అనే మాట. వాళ్ల బాధ అర్థమవుతుంది. నటుడి అసలు గొంతు పోవడం నిజంగా నష్టమే. చెప్పాను కదా, ఆ యుద్ధం సినిమాలో చెల్లెలికి గొంతిచ్చింది నిజంగా అయిదారేళ్ల పాప. ఆ పాప కోసం ముందు మాటలు రికార్డు చేసుకుని, తర్వాత బొమ్మ గీశారు. పెద్దవాళ్లు పిల్లగొంతుతో పలికితే ఆ తడబాటు రాదు.

కానీ 2011 జనాభా లెక్కల ప్రకారం మా విజయనగరం జిల్లాలో అక్షరాస్యత దాదాపు 59 శాతం. అంటే ప్రతి పదిమందిలో నలుగురికి ఆ కింది అక్షరాలు చీమల బారుతో సమానం. అయిదేళ్ల పిల్లకీ అంతే. మామ్మకీ అంతే. చూపు ఆననివాళ్లకీ అంతే. మంచి డబ్బింగు అనేది చదువురానివాళ్లకి పెట్టే పలచన మజ్జిగ కాదు. ఆ ఇద్దరూ, మామ్మా మనవడూ, ఒకే మంచం మీద కూర్చుని ఒకే చోట నవ్వడానికి, ఒకే చోట ఏడవడానికి ఉన్న ఏకైక దారి.

గొంతు ఎవరిది?

ఆ దారిలోకి ఇప్పుడు ఒక యంత్రం వచ్చి నిలబడింది. 2025 చివర్లో అమెజాన్ ప్రైమ్ వీడియో ‘బనానా ఫిష్’ లాంటి కొన్ని జపాన్ సిరీస్‌లకి కృత్రిమ మేధతో చేసిన ఇంగ్లీషు గొంతులు పెట్టింది. చావుబతుకుల సన్నివేశంలో కూడా రైల్వే స్టేషన్ ప్రకటనలా మాట్లాడుతున్నాయని చూసినవాళ్లు మండిపడ్డారు. డబ్బింగు కళాకారులు గొంతెత్తారు. కొద్దిరోజుల్లోనే తీసేశారు. ఇంగ్లీషులాంటి భాషకే ఇలా చేయబోయినవాళ్లు, రేపు తెలుగుకి చేయరన్న నమ్మకమేమిటి? ఇంగ్లీషుకి అరిచేవాళ్లు ఉన్నారు. మనకి అరిచేదెవరు?

యంత్రం పూర్తిగా చెడ్డదని అనను. చనిపోయిన ఇద్దరు గాయకుల గొంతుల్ని 2024లో ‘లాల్ సలామ్’ పాట కోసం రెహమాన్ వాడుకున్నప్పుడు, వాళ్ల కుటుంబాల అనుమతి తీసుకుని డబ్బు కూడా ఇచ్చారు. అదొక పద్ధతి. అడగకుండా, ఇవ్వకుండా వాడుకోవడం దొంగతనం. కానీ అంతకంటే పెద్ద భయం వేరే. యంత్రం ఇప్పటిదాకా ఉన్న తెలుగునే నేర్చుకుంటుంది. అది వినేది ‘నువ్వు బాగానే ఉన్నావా’ తెలుగే అయితే, తిరిగి మనకి వడ్డించేది అదే. మామ్మ మాట దానికి వినబడనే వినబడదు. రికార్డు కాని మాట దాని లెక్కలో లేని మాట.

మరి ఏం చేయాలి? పెద్ద పెద్ద కోరికలేం కావు. జపనీసు నేర్చుకున్న తెలుగు పిల్లలు ఇవాళ ఉద్యోగాల పేరున జపాన్‌లో ఉంటున్నారు. ఒకరిద్దరిని పిలిచి మూలంతో సరిచూసుకుంటే ఒనీచాన్ మళ్లీ అన్నయ్య అవుతాడు. మాటలు రాసినవారి పేరు, గొంతులిచ్చినవారి పేర్లు తెలుగు అక్షరాల్లో చివర వేయాలి. పేరు పడితే బాధ్యత పెరుగుతుంది. పల్లెటూరి కథ అయినప్పుడు ఏదో ఒక ఊరి తెలుగు పెట్టాలి. మాదే పెట్టమనడం లేదు. సీమ మాట పెట్టండి, పాలమూరు మాట పెట్టండి. బంటుకి ఒక్కడికే కాదు, నాయకుడికి కూడా పెట్టండి.

చూసేవాళ్లుగా మనం చేయగలిగింది కూడా ఒకటుంది. వచ్చే ఆదివారం పిల్లలు బొమ్మల సినిమా పెట్టుకున్నప్పుడు ఒక పది నిమిషాలు టీవీకి వీపు పెట్టి కూర్చోండి. బొమ్మ చూడకుండా వినండి. ఎవరు పెద్దో, ఎవరు చిన్నో, ఎవరికి కోపమొచ్చిందో, ఎవరు అబద్ధమాడుతున్నారో మాటని బట్టి తెలుస్తోందా? మీ ఇంట్లో ఎవరైనా ఎప్పుడైనా అనే మాట ఒక్కటైనా వినబడిందా? వినబడితే మీ పిల్లలకి మంచి తెలుగు అందుతున్నట్టే, అది జపాన్ నుంచి వచ్చినా సరే. వినబడకపోతే టీవీ కట్టేయనక్కర్లేదు. పక్కన కూర్చుని, ‘దీన్ని మనమైతే ఏమంటాంరా?’ అని అడగండి. పిల్లలు భలే చెబుతారు. మామ్మ ఉంటే ఇంకా బాగా చెబుతుంది.